బాబు మియాను దొంగ అన్నదెవరు

బాబు మియా ఎవరిని పలకరించినా మొహం కన్నా ముందు బట్ట చూస్తాడు. చేయి కలిపినట్టే కలిపి, ఆ చొక్కా అంచును రెండు వేళ్ళ మధ్య పట్టుకుని నలిపి, తిరగేసి, లోపలి కుట్టు చూసి, అప్పుడు "ఖైరియత్?" అని కుశలం అడుగుతాడు. కరీంనగర్‌లో ఆయనను ఎరిగినవాళ్ళకు ఇది అలవాటే. ఎరగనివాళ్ళు జంకుతారు. ఒక పెళ్ళిలో ఆయన పెళ్ళికొడుకు షేర్వానీ అంచు ఎత్తి చూస్తుంటే, అవతలివాళ్ళు అదేదో తంతు అనుకుని ఫొటోగ్రాఫర్‌ను పిలిచారట. ఈ సంగతి చెప్పి నవ్వేది ఆయన భార్య గౌహర్.

"ఈయన చేతులు ఊకుండయి. నా నిఖానాడు ముసుగు ఎత్తంగనే నన్ను చూస్తడనుకున్న. ముసుగు అంచు చూసిండు," అంటుంది.

ఆయన పని రఫూ. చిరుగు మీద మాసిక వేయడం కాదు. ఆ బట్టలోంచే, ఎవరికీ కనపడని లోపలి మడతలోంచి పోగులు తీసి, ఆ పోగులతోనే చిరిగినచోట మళ్ళీ నేయడం. సూదితో చేసే నేత అనుకోవచ్చు. అందుకే ఏ బట్ట చూసినా ఆయన వేళ్ళు ముందు లోపలి అంచును వెతుకుతాయి. అక్కడ ఇంకా ఎంత పోగు దొరుకుతుందో చూసుకుంటాయి. అవసరం ఉన్నా లేకపోయినా.

పుట్టింది మరాఠీ మాట్లాడేవాళ్ళూ ఉండే ఇచ్చోడలో. తండ్రి అంగడి అంగడికీ తిరిగి గొంగళ్ళు, శాలువలు రఫూ చేసేవాడు. ఆ పక్కనే కూర్చుని ఈయన పని నేర్చుకున్నాడు. గౌహర్‌ది కరీంనగర్. పెళ్ళయ్యాక ఈ ఊరే ఆయన ఊరయింది. మాటల్లో మాత్రం ఇప్పటికీ మధ్య మధ్య ఒక మరాఠీ ముక్క దొర్లుతుంది. కోపం వస్తే అది ఎక్కువవుతుంది. ఆయనకు కోపం వచ్చిన సంగతి మాకు భాషను బట్టే తెలుస్తుంది. అలా తెలిసిన సందర్భాలు చాలా తక్కువ.

ఒక డ్రైక్లీనింగ్ దుకాణం వసారాలో ఆయన బల్ల ఉంటుంది. రిటైరయ్యాక, చదువుకోవడానికి కాస్త నీడ వెతుక్కుంటూ నేను ఆ బల్ల చివరికి చేరాను. ఆయన కుడతాడు, నేను చదువుతాను. కొన్ని మధ్యాహ్నాలు ఇద్దరమూ ఒక్క మాటయినా అనుకోం. అలాంటి స్నేహం ఈ వయసులో దొరకడం మామూలు సంగతి కాదు.

టవర్ సర్కిల్ దగ్గరి బట్టల దుకాణాలవాళ్ళకు ఆయనతో తరచూ పని పడుతుంది. కొత్త చీర గోరుకో మేకుకో తగిలి పోగు లేస్తే దాన్ని ఆయన బల్ల దగ్గరికి తీసుకురారు. కొత్త చీర రఫూకు పోతూ గిరాకీల కంట పడితే బాగుండదు. కాబట్టి ఆయనే పోతాడు. దుకాణం వెనక గదిలో కూర్చుని, లేచిన పోగును సర్ది, చాయ్ తాగి వస్తాడు. ఆలోచిస్తే ఆయన బతుకంతా పరాయి దుకాణాల్లోకి ఎవరూ ఆపకుండా పోగలగడం మీదే నడుస్తున్నది. ఆ సంగతి మాకెవరికీ తట్టలేదు. తట్టవలసిన అవసరం రాలేదు.

నిరుడు శ్రీహరి అనే ఆయన హుస్నాబాద్ నుంచి వచ్చి ఆ వీధిలో పెద్ద షోరూం తెరిచాడు. అద్దాల తలుపులు, మెత్తటి సోఫాలు, మూలమూలనా కెమెరాలు. అవి మామూలు కెమెరాలు కావు, కృత్రిమ మేధతో నడిచేవి. మనుషుల చేతుల కదలికలు చూసి, ఏదైనా దొంగతనంలా తోస్తే దుకాణంవాళ్ళ ఫోన్‌లో గంట మోగిస్తాయి. అంతటితో ఆగదు. ఆ మనిషి ఫొటో అదే కంపెనీ కెమెరాలున్న దుకాణాలన్నిటికీ పోతుంది. అతడు ఏ గడప ఎక్కినా అక్కడా గంట మోగుతుంది. ఆ వీధిలో సగానికి సగం దుకాణాలు ఈ కెమెరాలే పెట్టించుకున్నాయి.

మనవరాలు అతియా కాలేజీలో ఏదో ఫంక్షన్ ఉందంటే, డ్రెస్ కొనడానికి మియా దంపతులు ఆ పిల్లను వెంటబెట్టుకుని శ్రీహరి షోరూంకు వెళ్ళారు. ఆడవాళ్ళు రంగులు చూస్తున్నారు. మియాకు ఒక బొమ్మకు కట్టిన పట్టుచీర కనపడింది. ఇక చెప్పేదేముంది. కొంగు ఎత్తి, లోపలి అంచును పిడికిట్లోకి తీసుకుని, వేళ్ళతో నలిపి చూశాడు. సరిగా కనపడలేదు. అంచు జారవిడిచి, పిడికిలి పూర్తిగా విప్పకుండానే కళ్ళద్దాల కోసం జేబులో పెట్టాడు.

కెమెరాకు కనిపించింది ఇదే: బట్ట పిడికిట్లోకి పోయింది, పిడికిలి జేబులోకి పోయింది.

తలుపు దగ్గర వాచ్‌మన్ వెంకటి అడ్డం నిలబడ్డాడు. అతడు మియాకు తెలిసినవాడే. మొహమాటంగా ఫోన్ చూపించాడట.

"చాచా, జర ఆగు. ఫోన్ల నీ ఫొటో అచ్చింది."

"మంచిగ అచ్చిందా?" అన్నాడట మియా.

వెంకటికి నవ్వాలో వద్దో తెలియలేదు. అందరి ముందే సంచీ, జేబులూ వెతికారు. సూదుల పొట్లం, కళ్ళద్దాలు, భూతద్దం ఉన్నాయి. ఇంకేం లేదు. పొమ్మన్నారు. దొంగ అని ఎవరూ అనలేదు, తప్పయిందనీ ఎవరూ అనలేదు. అతియా మాత్రం దారంతా ఏడ్చిందట. మర్నాడు బల్ల దగ్గర మియా ఇదంతా వేడుకగా చెప్పాడు. "మిషన్‌కు నా చెయ్యి నచ్చలే," అని నవ్వాడు. నేనూ నవ్వాను.

ఆ నవ్వు వారం నిలవలేదు. లింగమూర్తి దుకాణంలో చీరకు పోగు లేచిందని కబురొస్తే మియా వెళ్ళాడు. లింగమూర్తి తండ్రి కాలం నుంచీ ఆయన పోయే దుకాణం అది. గడప మీద కాలు పెట్టగానే లోపల గంట మోగింది. గిరాకీలు తలలు తిప్పి చూశారు. లింగమూర్తి గల్లాపెట్టె వదిలి పరుగున వచ్చి, కంగారుగా ఫోన్ నొక్కి ఆపాడు. ఆయన చెడ్డవాడు కాదు. ఏమనుకోవద్దనీ, ఇవాళ్టికి వద్దనీ, చీర తానే బల్ల దగ్గరికి పంపిస్తాననీ మెల్లగా చెప్పాడు. పంపలేదు. మిగతా దుకాణాల్లోనూ అంతే. ఎవరూ రావద్దనలేదు, కబురు రావడం మాత్రం ఆగింది. మియా బల్ల మీద సూది ఖాళీగా కూర్చున్న మధ్యాహ్నాలు మొదలయ్యాయి. ఆ మధ్యాహ్నాల్లో నాకు పుస్తకంలో పేజీ కదిలేది కాదు.

అప్పుడు మియా ఒక ప్రశ్న పట్టుకుని బయలుదేరాడు. నన్ను దొంగ అన్నదెవరు?

ముందు వెంకటిని అడిగాడు. తాను అనలేదనీ, ఫోన్ అన్నదనీ చెప్పాడు. శ్రీహరిని అడిగాడు. ఆయన కుర్చీ వేయించి, మర్యాదగానే, తాను అనలేదనీ కెమెరా అన్నదనీ చెప్పాడు. కెమెరా ఎవరిదంటే హైదరాబాద్‌లోని కంపెనీ నంబర్ ఇచ్చాడు. ఆ నంబర్‌కు ఫోన్ చేస్తే ఒక ఆడగొంతు తియ్యగా పలకరించి, మీ సమస్య నాకు అర్థమైంది అంది. మియా తన సంగతంతా ఇచ్చోడ నుంచి మొదలుపెట్టి చెప్పాడు. అంతా విని ఆ గొంతు, మీ సమస్య నాకు అర్థమైంది అని మళ్ళీ అంది. అదీ మిషనేనని అతియా చెప్పేదాకా ఆయనకు తెలియలేదు.

"దొంగ అన్నది మిషనే, ఫోన్ ఎత్తేది మిషనే. మనుషులు ఏడికి వోయిండ్రు?" అంది గౌహర్.

నాకు ఆ మాట చాలాకాలం మనసులో తిరిగింది. మా రోజుల్లోనూ తప్పులు జరిగేవి. గుమాస్తా పేరు తప్పు రాసేవాడు, కంపౌండర్ మందు తప్పు ఇచ్చేవాడు. పోయి కేకలేయడానికి ఒక మనిషి ఉండేవాడు. అతడు తల గోక్కునేవాడు, దాంతో సగం మంట చల్లారేది. ఇప్పుడు తప్పు ఉంది, తల గోక్కునేవాడు లేడు.

మా గల్లీలోనే షాహీన్ అనే అమ్మాయి వకీలు పని చేస్తుంది. మియా ఆమెను అడిగాడు. ఆమె చెప్పింది నాకు అర్థమైనంతలో ఇది. ఇలాంటి మిషన్ల తప్పులకంటూ విడిగా ఒక పూర్తి చట్టం మన దగ్గర ఇంకా రాలేదు. అది వచ్చేదాకా ఆగాల్సిన పని కూడా లేదు. ఒకరి వల్ల ఇంకొకరి పరువుకో బతుకుకో నష్టం జరిగితే అడిగే హక్కు ఎప్పటినుంచో ఉన్నదే. మిషన్‌ను తెచ్చి బోనులో నిలబెట్టలేం. దానికి ఇల్లు లేదు, వాకిలి లేదు. దాన్ని తయారుచేసినవాడూ, తెచ్చి తలుపు దగ్గర పెట్టుకున్నవాడూ ఉన్నారు. ఎవరి బాధ్యత ఎంత అన్నదే తేలాలి. కేసు వేస్తే చాలాకాలం పడుతుంది, ముందు కోర్టు ఆవరణలోని న్యాయసేవా సంస్థలో మధ్యవర్తి ముందు కూర్చుందాం అంది. నష్టపరిహారం కూడా గట్టిగా అడుగుదామంది.

మియా తల అడ్డంగా ఊపాడు. "పైసలిచ్చి పంపిస్తే, దొంగకు పైసలిచ్చి పంపిచ్చిండ్రంటరు బేటీ. అన్నోడు అచ్చి, నేనే అన్న, తప్పయింది అనాలె. నాకు గా మాట గావాలె."

"అన్నోడే లేడు గద చాచా."

"అందుకే గదా నీ దగ్గరికి అచ్చిన. దొర్కవట్టు."

నోటీసులు వెళ్ళాయి. ఒకరోజు అందరూ ఒక బల్ల చుట్టూ కూర్చున్నారు. మధ్యవర్తి కరుణాకర్ గారు పెద్ద వకీలు, నిదానస్తుడు. ఒకపక్క షాహీన్, మియా, తోడుగా నేను. ఎదురుగా శ్రీహరి, హైదరాబాద్ నుంచి వచ్చిన కంపెనీ మనిషి సుధాకర్. గౌహర్‌ను రావద్దన్నారు గానీ ఆమె ఒక చేతిసంచి పట్టుకుని వచ్చి, వెనక కుర్చీలో కూర్చుంది.

సుధాకర్ చాలా మర్యాదస్తుడు. తమ కెమెరా ఎవరినీ దొంగ అనదనీ, అనుమానం ఉందని మాత్రమే చెబుతుందనీ, చూసి తేల్చుకోవలసింది దుకాణంవాళ్ళేననీ ఒప్పందంలోనే ఉందన్నాడు. శ్రీహరికి కోపం వచ్చింది. అమ్మేటప్పుడు ఇది మనుషుల కన్నా నయం, పొరపాటు పడదు అన్నారే, ఇప్పుడు తేల్చుకోవడం నా పని అంటారా అన్నాడు. కరుణాకర్ గారు ఒకటే అడిగారు. మియా సంచిలో ఏమీ లేదని తేలిపోయాక కూడా ఆయన ఫొటో వీధిలో మిగతా దుకాణాలకు పంపింది ఎవరు?

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఎవరూ పంపలేదు. దానంతటదే పోయింది. దానంతటదే పోయేలా ఏర్పాటు చేసింది కంపెనీ. ఆ ఏర్పాటు కావాలా వద్దా అని ఫోన్‌లో అడిగితే, దుకాణం తెరిచే రోజు హడావిడిలో అన్నిటికీ సరే అని నొక్కేసింది శ్రీహరి. ఈలోగా మియా చెయ్యి మెల్లగా బల్ల మీదుగా సుధాకర్ చొక్కా కఫ్ వైపు పోవడం చూసి షాహీన్ దాన్ని పట్టి వెనక్కి లాగింది.

శ్రీహరి మనసులో ఉన్నది చివరికి బయటపడింది. ఆయన మొండివాడు కాదు, భయపడ్డాడు.

"చాచా మంచోడే, నాకు ఎరుకయింది. కానీ మిషన్ చేసిన తప్పు నాదని నేను ఒప్పుకుంటే, రేపు గంట మోగినోళ్ళందరు నా మీదికే అస్తరు. ఊరికి కొత్తోన్ని. దుకాణం ఎట్ల నడవాలె సార్?"

అందులో న్యాయం లేదనలేం. వెనకనుంచి గౌహర్ లేచి, సంచిలోంచి ఒక నూలుచీర తీసి బల్ల మీద పరిచింది. ఎర్ర అంచు రంగు పాకి చీరంతా గులాబీ మరకలు.

"సేటూ, గిది నీ దుకాణం తెరిచినప్పుడు కొన్న. ఒక్క ఉతుకుకే ఇట్లయింది. రంగేసింది నువ్వు కాదు గదా. మిల్లోళ్ళను అడుగుమంటవా? వాళ్ళు ఏడుంటరు?"

శ్రీహరి ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "మిల్లోళ్ళను నువ్వెందుకు అడుగుతవమ్మా? నీకు అమ్మింది నేను. కొత్తది తీస్కపో. మిల్లుతోని నేను కొట్లాడుకుంట."

"గట్లనా," అంది గౌహర్. చీర నెమ్మదిగా మడత పెట్టడం మొదలుపెట్టింది.

కరుణాకర్ గారు కళ్ళద్దాలు తీసి తుడుచుకోసాగారు. బట్టల వ్యాపారంలో ఇది రాసి పెట్టుకునే నియమం కూడా కాదు. గిరాకీకి మిల్లు అడ్రసు ఇచ్చి పొమ్మనే వ్యాపారిని ఆ వీధి ఒప్పుకోదు. తీసుకోవలసింది ముందు తాను తీసుకుని, మిల్లుతో లెక్క తర్వాత తేల్చుకుంటాడు. శ్రీహరికి అది పుట్టినప్పటి నుంచీ వచ్చిన బుద్ధి. నోట్లోంచి వచ్చేసిన తన మాటను తానే ఒకసారి విన్నట్టు కూర్చున్నాడు. తర్వాత నవ్వాడు. మొదట కొంచెం, తర్వాత గట్టిగా.

"అమ్మా, నన్ను మంచిగ వట్టినవు."

"నేనేం పట్టిన? చీరె మార్చుకుందామని తెచ్చిన," అంది గౌహర్. అంత దూరం ఆ చీర ఎందుకు మోసుకొచ్చిందో ఇప్పటికీ ఎవరికీ చెప్పదు.

శ్రీహరి మియా వైపు తిరిగాడు. "చాచా, నా దుకాణంల అయింది. నేనే అన్న. తప్పయింది. కంపెనీతోని నేను తేల్చుకుంట." ఆ చివరి మాట అంటూ సుధాకర్ వైపు చూసిన చూపులో మిల్లువాళ్ళతో బేరమాడే మనిషి కనపడ్డాడు. సుధాకర్ మంచినీళ్ళు తాగాడు.

తర్వాతిదంతా షాహీన్ దగ్గరుండి రాయించింది. మియా ఫొటో అన్ని చోట్ల నుంచీ తీసేయాలి. ఇకమీద గంట అనుమానం వచ్చిన దుకాణంలో మాత్రమే మోగాలి. మనిషి స్వయంగా చూసి తేల్చకుండా ఎవరి మొహమూ గడప దాటకూడదు. దాటితే కంపెనీ జవాబు చెప్పాలి. సుధాకర్ అన్నిటికీ ఒప్పుకుని, మియా విషయంలో పొరపాటు జరిగిందని దుకాణాలన్నిటికీ మెసేజ్ కూడా పంపిస్తామన్నాడు.

"సారూ," అన్నాడు మియా, "నా ఫొటో పోతే గంట గొట్టింది. నీ మెసేజ్ పోతే గంట గొడ్తదా?"

కొట్టదని సుధాకర్ ఒప్పుకున్నాడు.

"మరి ఎవలు చూస్తరు? సేటు నా ఎంబడి నడువాలె. దుకాణం దుకాణానికి."

అది కాగితంలో ఎలా రాయాలో షాహీన్‌కు తెలియలేదు. రాయనక్కరలేదు, వస్తానన్నాడు శ్రీహరి.

ఆదివారం సాయంత్రం, వీధి కిటకిటలాడుతున్న వేళ, మొదట ఆయన షోరూంలోనే జరిగింది. తగ్గింపు ధరలు చెప్పే మైకు తీసుకుని శ్రీహరి గొంతు సవరించుకోగానే జనం ఏదో ఆఫర్ అనుకుని దగ్గరికి వచ్చారు. బాబు మియా అనే ఈ పెద్దమనిషిని తన దుకాణం దొంగ అన్నదనీ, అది తన తప్పనీ చెప్పి, మైకు కట్టేయడం మరిచిపోయి "అయిపోయిందా చాచా?" అన్నాడు. అదీ మూడంతస్తులా వినిపించింది. తలుపు దగ్గర వెంకటి, ఎవరూ అడగకుండానే, ఆపింది నేనే చాచా అని చెయ్యి పట్టుకున్నాడు. అతియా మెట్ల మీద నిలబడి వింటున్నది. ఈసారి ఏడవలేదు, ఫోన్‌లో వీడియో తీసింది.

తర్వాత వీధి మీద పడ్డాం. మొదటి దుకాణంలో శ్రీహరి, కెమెరా ఏమైందంటే, అని మొదలుపెట్టాడు. మియా దగ్గాడు. శ్రీహరి మాట మార్చుకుని, నేనే అన్న, నాది తప్పు, అన్నాడు. వాళ్ళు చాయ్ తెప్పించారు. రెండో దుకాణంలోనూ చాయే. లింగమూర్తి దగ్గరికి వచ్చేసరికి శ్రీహరి మాట తడుముకోకుండా చెబుతున్నాడు, సమోసా కూడా తింటున్నాడు. లింగమూర్తి విన్నంతసేపూ తల వంచుకున్నాడు. తర్వాత మియాను వెనక గదిలోకి తీసుకుపోయాడు. అక్కడ పోగులు లేచిన చీరల దొంతర. ఇంకెవరికీ ఇవ్వబుద్ధి కాలేదన్నాడు. ఇన్ని రోజులూ కబురు పంపనందుకు మియా ఆయనను మరాఠీలో చడామడా తిట్టి, మర్నాడు పొద్దున వస్తానన్నాడు.

వీధి చివర కొమురవ్వది లైనింగ్ గుడ్డల చిన్న కొట్టు. అక్కడ కెమెరా లేదు, గంట లేదు. పోనవసరం లేదని నేనన్నాను. నలుగురి నోటా విని ఉంటుంది, పోవాలె అన్నాడు మియా. శ్రీహరి అప్పటికి కడుపు పట్టుకుని నడుస్తున్నాడు. అయినా కొట్టు ముందు నిలబడి, చెప్పవలసింది మొదటి నుంచి చివరి దాకా చెప్పాడు.

కొమురవ్వ గుడ్డ కొలుస్తూనే విన్నది. కత్తెర పక్కన పెట్టింది.

"మియా సంగతి మాకెరుకనే. వాడకట్టుకు ఎరుక. గీయన ఎవలు?"

శ్రీహరి మొహంలో చాయ్‌ల బడలిక ఒక్కసారిగా పోయి, ఊరికి కొత్తవాడి బిడియం వచ్చింది. ఇంతసేపూ ప్రతి దుకాణంలోనూ తన తప్పు చెప్పాడు గానీ, తనెవరో చెప్పుకోలేదు. ఎవరూ అడగనూ లేదు.

మియా ఆయన భుజం మీద చెయ్యి వేసి కొట్టులోకి నడిపించాడు.

"మనోడే అవ్వా. శ్రీహరి సేటు. హుస్నాబాద్ నుంచి అచ్చిండు. బట్ట పాడైతే వాపస్ తీస్కుంటడు, మాట పాడైతే గూడ వాపస్ తీస్కుంటడు. నమ్మచ్చు."

కొమురవ్వ ఆయనను పైనుంచి కింది దాకా చూసింది. స్టూలు ముందుకు జరిపి, "అట్లయితే కూసో బిడ్డా," అని, ఎదురు హోటల్ వైపు తిరిగి చాయ్‌కి కేకేసింది. శ్రీహరి మా ఇద్దరి వైపూ దీనంగా చూసి, కూర్చున్నాడు.